థాయ్ ఆవిరి రేకులు: కూరగాయలతో ఖావ్ క్రియాప్ పాక్ మో ఎలా చేయాలి?

థాయ్‌లాండ్ వీధి బండ్ల మీద ఇవి దొరుకుతాయి. కుండ మూతికి గుడ్డ బిగించి, దాని మీద బియ్యప్పిండి జారు పరిచి, ఆవిరికి ఉడికిన రేకులో కూర పెట్టి మడుస్తారు. ఆత్రేయపురం పూతరేకులకు కుండ బోర్లిస్తారు, ఇక్కడ మూతి పైకే ఉంటుంది. అసలు వంటలో పంది మాంసం వేస్తారు. ఈ పద్ధతిలో దాని బదులు టోఫూ (సోయా పాలతో చేసే పనీర్ లాంటిది), పుట్టగొడుగులు వాడతాం. కొలతలు సుమారు 20 రేకులకు.

ముందు జారు కలపండి. మెత్తటి బియ్యప్పిండి 120 గ్రాములు, కర్రపెండలం పిండి 30 గ్రాములు, ఉప్పు పావు చెంచా, నీళ్లు 400 మి.లీ. అరగంట నాననివ్వాలి. మరలో పొడిగా ఆడించిన పిండి కాస్త గరుకుగా ఉంటుంది కాబట్టి జల్లించి, గంటసేపు నానబెట్టండి. కర్రపెండలం పిండి మానేస్తే రేకు సాగదు, మడిచేటప్పుడు చిరుగుతుంది.

లోపలి కూరకు: తీపి ఊర ముల్లంగి 80 గ్రాములు (కడిగి, నీరు పిండేసి, సన్నగా తరగాలి), గట్టి టోఫూ 100, షిటాకే పుట్టగొడుగులు 50, ఉల్లిపాయ ఒకటి, వేయించి కచ్చాపచ్చాగా దంచిన వేరుశనగలు 75, తాటిబెల్లం 60 గ్రాములు, సోయా సాస్ రెండు పెద్ద చెంచాలు. కొత్తిమీర వేళ్లు మూడు, వెల్లుల్లి రెబ్బలు ఐదు, తెల్ల మిరియాలు ఒక చెంచా కలిపి నూరండి. ఈ ముద్దే వంటకు ప్రాణం, వేళ్లు దొరక్కపోతే కాడలు వేసుకోవచ్చు.

రెండు చెంచాల నూనెలో ముద్దను వేయించి, ఉల్లిపాయ, పుట్టగొడుగులు, ముల్లంగి, చిదిమిన టోఫూ వరుసగా వేయాలి. బెల్లం, సాస్ కలిపి తడి ఆరేదాకా వేయించండి. చేత్తో ఉండ కట్టగలిగితే అయినట్టే. తడి మిగిలితే రేకు పగులుతుంది. వేరుశనగలు దింపాకే కలపాలి, లేకపోతే మెత్తబడతాయి. చల్లారాక చిన్న ఉసిరికాయంత ఉండలు చేయండి.

వెడల్పాటి గిన్నెలో మూడింట రెండు వంతుల నీళ్లు పోసి, తడిపిన పల్చటి నూలు గుడ్డను మద్దెల బిగువున తాడుతో కట్టండి. అంచున వేలెడు సందు వదలాలి. లేకపోతే ఆవిరికి గుడ్డ ఉబ్బుతుంది, నీళ్లు పోసే దారీ ఉండదు. వేలాడే కొసలు మంటకు తగలకుండా పైకి ముడివేయండి.

నీళ్లు తెర్లుతుండగా, జారును అడుగునుంచి కలిపి, చిన్న గరిటెడు పోసి, గరిటె అడుగుతో 12 సెం.మీ. వెడల్పున తిప్పండి. గుండ్రటి మూత పెట్టి 40 నుంచి 60 సెకన్లు ఆగాలి. తెల్లదనం పోయి రేకు మెరిశాక ఉండ పెట్టి, నీళ్లలో ముంచిన పల్చటి అట్లకాడతో నాలుగు వైపులా మడిచి తీయండి. నూనె రాసిన పళ్లెంలో పెట్టి, పైన వెల్లుల్లి వేయించిన నూనె పూయకపోతే ఒకదానికొకటి అంటుకుంటాయి.

రేకు గుడ్డకే అతుక్కుంటుంటే ఆవిరి చాలట్లేదు, లేదా గుడ్డ వదులైంది. నాలుగైదు రేకుల తర్వాత గుడ్డ రంధ్రాలు పిండితో మూసుకుపోవడమూ మామూలే. తడి బట్టతో తుడవండి. ఒకచోట మందం, ఒకచోట పలుచన వస్తే జారులో పిండి అడుగుకు దిగిపోయిందన్నమాట. గుడ్డ కుదరకపోతే నాన్‌స్టిక్ పెనం మీద సన్న సెగన మూతపెట్టి చేయవచ్చు, కానీ ఆ మెత్తదనం రాదు.

లెట్యూస్ ఆకులో చుట్టి, కొత్తిమీర, చిన్న పచ్చిమిరపకాయతో వేడిగా తినాలి. చల్లబడిన రేకు గట్టిపడుతుంది, రెండు నిమిషాలు ఆవిరి పడితే మళ్లీ మెత్తబడుతుంది. ఫ్రిజ్‌లో దాచాల్సి వస్తే కూర దాచుకోండి, రేకులు ఎప్పటికప్పుడు పోసుకోవడమే మేలు.