రోడ్డు పనిలో భూమిలో ఉన్న కేబుల్స్, పైపులు తెగకుండా చూసుకోవడం ఎలా

డ్రాయింగ్‌లో కేబుల్ 1 మీటరు లోతులో ఉందని రాసుంది కదా అని తవ్వే మిషన్ బకెట్ దించేయకండి, ఇది మాత్రం ఎన్నిసార్లైనా చెప్తా. వేసినరోజు 1 మీటరే ఉండుంటుంది, తర్వాత ఎవరో రోడ్డు అంచు చెక్కేసుంటారు, లేదా అప్పట్లోనే బండ అడ్డమొస్తే వేసినవాళ్లు కేబుల్‌ని పక్కకి తిప్పి పైపైన పోనిచ్చేసుంటారు, అదేదీ కాగితం మీదకి ఎక్కదు.

ముందు కరెంటు, గ్యాస్, నీళ్లు, డ్రైనేజీ, టెలికాం అందరి మ్యాపులూ తెచ్చుకుని, అవి చేతిలో పట్టుకుని పని జరిగే దారంతా ఒకసారి నడవండి. స్తంభం మీంచి భూమిలోకి దిగిన కేబుల్, మ్యాన్‌హోల్ మూతలు, వాల్వ్ మూతలు, రోడ్డు మీద పాత అతుకులు అన్నీ చూడండి. అతుకు సన్నగా పొడుగ్గా పోతోందంటే ఎవరో ఏదో వేయడానికే తవ్వారని లెక్క.

తర్వాత లొకేటర్, అంటే భూమిలో ఉన్న లైన్లని పైనుంచే వెతికే మిషన్. చాలామంది దీన్ని పవర్ మోడ్‌లో ఒక్కసారి తిప్పేసి ఏం లేదు కానిచ్చెయ్ అంటారు, అక్కడే దెబ్బతింటాం. పవర్ మోడ్ పట్టుకునేది కేబుల్లో కరెంటు పారుతుంటే వచ్చే అయస్కాంత క్షేత్రాన్ని. వీధిదీపాల కేబుల్లో పగలు లోడ్ ఉండదు కాబట్టి మిషన్‌కి అది లేనట్టే. త్రీఫేజ్ కేబుల్లో మూడు ఫేజుల లోడూ సమానంగా ఉంటే ఒకదాని ఫీల్డ్ ఇంకోదాన్ని కొట్టేసి సిగ్నల్ బాగా వీక్‌గా వస్తుంది. అందుకే ట్రాన్స్‌మిటర్ పెట్టి లైన్‌లోకి మనమే సిగ్నల్ ఎక్కించి మళ్లీ వెతకాలి. ప్లాస్టిక్ పైపు, లోహం లేని ఫైబర్ దీనికి దొరకవు, వాటికి భూమిలోకి తరంగాలు పంపి చూసే జీపీఆర్ రాడార్ కావాలి, తడి బంకమట్టిలో అదీ సరిగా చూడలేదు.

ఏ మిషన్ ఏం చెప్పినా చివరికి కేబుల్‌ని కళ్లతో చూడాల్సిందే, అంటే చేత్తో ట్రయల్ పిట్ (చూసుకోవడానికి తీసే చిన్న గుంట) తియ్యాలి. గునపం, పలుగు దూరంగా పెట్టి, ఇన్సులేషన్ పిడి ఉన్న పారతో, సరిగ్గా లైన్ నెత్తిమీద కాకుండా కాస్త పక్కన దిగి అడ్డంగా దాని దగ్గరికి రావాలి. ఒకసారి గట్టి మొరం తవ్వుతుంటే పార ఉన్నట్టుండి మెత్తగా దిగింది, చూస్తే ఇసుక, ఆపి చేత్తో తీస్తే కింద లైన్ ఉందని గుర్తుగా వేసే వార్నింగ్ టేప్ రంగు వెలిసిన ముక్క, దాని కింద కేబుల్, డ్రాయింగ్ చూపించిన చోటికి 2 అడుగులు పక్కన. మట్టి మారిందంటే చెయ్యి ఆగాలి, మీ మనుషులకి ముందే చెప్పి పెట్టండి.

ఇంకోటి, తవ్వకం తగలకపోయినా రోలర్ నలిపేస్తుంది. కేబుల్ మీద 60 సెం.మీ. మట్టి ఉందనుకోండి, మీరు 40 సెం.మీ. చెక్కి తీస్తే మిగిలింది 20, దాని మీద వైబ్రేషన్ ఆన్ చేసి రోలర్ తోలితే ఏమవుతుందో చెప్పక్కర్లేదు. అలాంటిచోట లైన్ తాలూకు వాళ్లని పిలిచి కిందకి దింపాలా, పక్కకి మార్చాలా, పైన కాంక్రీట్ పలకలు వేయాలా అని ముందే తేల్చుకోండి.

బయటపడ్డ కేబుల్‌ని గాల్లో వేలాడనివ్వకండి, వెడల్పు బెల్టులతో కట్టి ఆనించండి, సన్న తీగ అయితే కోసుకుపోతుంది. దాని మీద కాలేసి దిగనివ్వకండి. ఫైబర్‌ని బకెట్ లాగిందంటే పైకి బాగానే కనిపించినా దూరంగా ఎక్కడో లోపల తెగొచ్చు, లైన్ తాలూకు వాళ్లకి చెప్పాల్సిందే. గ్యాస్ పైపు మీద గీత పడినా అంతే, మట్టి కప్పేసి పోవద్దు దయచేసి.

కరెంటు కేబుల్ తగిలితే అది లైవ్ అనే అనుకోండి. ఆపరేటర్ క్యాబిన్‌లోనే ఉండాలి, మిగతావాళ్లు దూరం జరగాలి, సప్లై ఆపేశామని కరెంటువాళ్లు చెప్పేదాకా ఎవరూ మిషన్ ముట్టుకోకూడదు. మంట అంటుకుని దిగక తప్పకపోతే మిషన్నీ నేలనీ ఒకేసారి ముట్టుకోకుండా రెండు కాళ్లూ కలిపి దూకి, పాదాలు ఎత్తకుండా ఈడ్చుకుంటూ దూరం పోవాలి. గ్యాస్ అయితే అందరూ గాలికి ఎదురుగా దూరం వెళ్లి అక్కణ్నుంచే ఫోన్ చెయ్యాలి.

పూడ్చేముందు కేబుల్ చుట్టూ రాళ్లు లేని ఇసుక పోసి, పైన కొంత ఎడం ఇచ్చి కొత్త వార్నింగ్ టేప్ వెయ్యండి. ఇసుక పోయకముందే కొలత టేప్ ఆనించి ఫొటో తీసుకోండి, లోతు మాత్రం కొత్త రోడ్డు పైనుంచి లెక్కేసి రాయండి, ఎందుకంటే పాత నేల మట్టం మీరే తీసేశారు.