జప్తులో ఉన్న తనఖా ఇల్లు కొనేముందు తేదీలు వరసగా రాసుకోండి

చెన్నైలో మార్కెట్ ధరకంటే తక్కువకు ఇల్లు వస్తోందంటే, అడ్వాన్సు మాట ఎత్తకముందే కాగితం మీద నాలుగు తేదీలు రాసుకోండి. తనఖా పెట్టింది ఎప్పుడు? కోర్టు జప్తు చేసింది ఎప్పుడు? అమ్మకపు ఒప్పందం రిజిస్టరైంది ఎప్పుడు? వేలం ప్రకటన పేపర్లో పడింది ఎప్పుడు? ఈ తగాదాలు చాలావరకు ఆ వరస మీదే తేలతాయి.

జప్తు తర్వాత యజమాని సొంతంగా అమ్మితే, సివిల్ ప్రొసీజర్ కోడ్ 64వ సెక్షన్ ప్రకారం జప్తు చేయించిన అప్పులవాళ్ల (అప్పు ఇచ్చినవాళ్ల) మీద ఆ అమ్మకం చెల్లదు. సబ్‌రిజిస్ట్రార్ రిజిస్టరు చేశాడు కదా అన్న వాదన నిలవదు. జప్తుకు ముందే రిజిస్టరైన ఒప్పందం ప్రకారం జరిగిన అమ్మకానికి మాత్రం మినహాయింపు ఉంది. ఉత్త స్టాంపు కాగితం మీద రాసుకున్న అగ్రిమెంటును నమ్ముకుని డబ్బు కట్టకండి.

తనఖా ముందు, జప్తు తర్వాత అయితే లెక్క వేరు. జప్తు వల్ల అప్పులవాడికి ఆస్తిలో కొత్త హక్కు పుట్టదు. బ్యాంకు బాకీ తీరాక యజమానికి మిగిలేదే ఆ అప్పులవాడి చేతికి చిక్కుతుంది.

ఈసీ, అంటే ఆస్తి మీద రిజిస్టరైన లావాదేవీల చిట్టా, కనీసం ముప్ఫై ఏళ్లకు తీయండి. ఇక్కడ దాన్ని ‘విల్లంగ సాన్రిదళ్’ అంటారు. తమిళం చదవలేకపోతే ‘అడమానం’, ‘జప్తి’, ‘ఒప్పడైప్పు’ అన్న మాటలున్న ప్రతి పద్దునూ చదివించుకోండి. మూడోది దస్తావేజుల తాకట్టు. అయితే ఈసీ ఒక్కటే చాలదు. అప్పుకు హామీగా అసలు దస్తావేజులు బ్యాంకు చేతిలో పెడితే చాలు, తనఖా ఏర్పడుతుంది. ఇలాంటి తనఖా చెల్లే ఊళ్లలో మద్రాసును ఆస్తి బదిలీ చట్టం 58వ సెక్షన్ పేరు పెట్టి చెబుతుంది. అందుకే ఒరిజినల్స్ కళ్లతో చూడాలి, బ్యాంకు తనఖాలు నమోదయ్యే కేంద్ర రిజిస్ట్రీ సెర్సాయ్‌లో వెతకాలి. జప్తు ఈసీలోకి ఎక్కకపోవచ్చు కాబట్టి యజమాని పేరుతో కోర్టు కేసులూ చూడాలి. ‘ఒరిజినల్ పోయింది’ అంటే అక్కడే ఆగండి.

యజమాని దగ్గరే కొంటున్నారా? బాకీ ఎంతో బ్యాంకు నుంచి రాతపూర్వకంగా తీసుకుని, ఆ మొత్తం నేరుగా లోన్ ఖాతాకే కట్టండి. యజమాని చేతికి ఇస్తే అది లోన్‌కి చేరుతుందన్న హామీ లేదు. జప్తు ఎత్తేసిన కోర్టు ఉత్తర్వు సర్టిఫైడ్ కాపీ చేతికొచ్చాకే రిజిస్ట్రేషన్ పెట్టుకోండి.

బ్యాంకు వేలంలో కొనేవాళ్లు సర్ఫేసీ (కోర్టుకెళ్లకుండానే బ్యాంకు తనఖా ఆస్తిని అమ్ముకోనిచ్చే చట్టం) గడువులు బాగా చూడాలి. అప్పుదారుకి 60 రోజుల డిమాండ్ నోటీసు, తర్వాత స్వాధీనం, మొదటి వేలానికి ముందు 30 రోజుల నోటీసు ఉండాలి. వీటిలో ఏది తప్పినా అప్పుదారు రుణ వసూళ్ల ట్రిబ్యునల్‌కి వెళ్తాడు, మీ డబ్బు ఇరుక్కుంటుంది. బాకీ కట్టి ఆస్తి విడిపించుకునే హక్కు వేలం ప్రకటన వెలువడేదాకానే అని 2023లో సుప్రీంకోర్టు తేల్చింది. కానీ నోటీసులోనే లోపముంటే ఆ తీర్పు కొనుగోలుదారును గట్టెక్కిస్తుందని అనుకోకండి. అందుకే పాటకు ముందు చెన్నైలోని మూడు ట్రిబ్యునళ్లలోనూ అప్పుదారు పేరుతో కేసు ఉందేమో వెతికించండి.

పాట గెలిచినవాడు 25 శాతం అదేరోజు, లేదా మరుసటి పనిదినంలోగా కట్టాలి. మిగతా 75 శాతానికి అమ్మకం ఖరారైన నాటినుంచి 15 రోజులు గడువు. రాతపూర్వకంగా పొడిగించుకోవచ్చు గానీ మూడు నెలలు మించదు. గడువు దాటితే కట్టిన సొమ్ము తిరిగి రాదు. హోమ్‌లోన్ మీద ఆధారపడేవాళ్లు ఎక్కువగా దెబ్బతినేది ఇక్కడే, కాబట్టి లోన్ మంజూరు ఉత్తరం చేతిలో ఉంటేనే పాటకు దిగండి. ధర 50 లక్షలు, ఆ పైన ఉంటే ఒక శాతం టీడీఎస్ మీరే కట్టాలి.

ప్రకటనలో ‘సింబాలిక్ పొజెషన్’ అని ఉంటే బ్యాంకు స్వాధీనం కాగితం మీదే ఉందని, లోపల ఎవరో ఉంటూ ఉండొచ్చని అర్థం చేసుకోండి. ఖాళీ చేయించడానికి బ్యాంకు చీఫ్ మెట్రోపాలిటన్ మేజిస్ట్రేటు దగ్గరికి వెళ్లాలి, దానికి నెలలు పట్టొచ్చు. ‘ఎక్కడ ఎలా ఉంటే అలా’ అన్న షరతు కింద ఆస్తిపన్ను, మెట్రోవాటర్, కరెంటు, అసోసియేషన్ బాకీలు మీ మీద పడవచ్చు. పాటకు ముందే ఇంటి దగ్గరికెళ్లి మీటరు నంబరు రాసుకోండి, వాచ్‌మన్‌తో, అసోసియేషన్ కార్యదర్శితో మాట్లాడండి, తేలిన బాకీల మొత్తాన్ని మీ పాట ధరలోంచి తగ్గించుకోండి.