ఫోన్ పాఠాలు – 5: గ్రూపులో వచ్చిన ఏపీకే ఫైలు

పోయిన పాఠంలో ప్లే స్టోర్‌లో యాప్ పేరు కింద డెవలపర్ పేరు చూసుకోవడం నేర్చుకున్నాం. ఈసారి ప్లే స్టోర్ గడప తొక్కకుండా నేరుగా వాట్సాప్‌లోకి దిగే యాప్‌ల సంగతి చూద్దాం. ఫోన్ చేతిలో పట్టుకుని చదవండి, మధ్యలో పని ఉంది.

ఎనుమాముల మార్కెట్లో మిర్చి బస్తాలు దింపి కాంటా కోసం కూర్చున్న రైతు అనుకుందాం. ఊరి గ్రూపులో ఒక మెసేజ్ పడింది: 'రైతు భరోసా కొత్త జాబితా, మీ పేరుందో లేదో చూసుకోండి.' కింద ఒక ఫైలు. వచ్చింది సొంత బామ్మర్ది నంబరు నుంచే. 'బామ్మర్ది పంపిండు గదా, ఏమైతది' అనుకుంటాడు, నొక్కుతాడు.

ఆ నొక్కుడుకు ముందు చేయాల్సింది ఒక్కటే, ఫైలు పేరు చివరిదాకా చదవడం. జాబితా అయితే చివర పీడీఎఫ్ అని ఉండాలి. చుక్క పెట్టి ఏపీకే అనే మూడు ఇంగ్లిష్ అక్షరాలుంటే అది యాప్. కొందరు పేరులో పీడీఎఫ్ అని కూడా ఇరికించి, ఆ తర్వాత ఏపీకే పెడతారు. చివరిదే లెక్క. పెండ్లి పత్రిక, ట్రాఫిక్ చలానా, పీఎం కిసాన్, బ్యాంకు కేవైసీ, ఏ పేరు తగిలించినా ఇంతే. చలానా ఉందో లేదో పోలీసుల ఈ-చలాన్ వెబ్‌సైట్‌లో బండి నంబరు కొడితే తెలిసిపోతుంది, దానికి యాప్ ఎందుకు? బామ్మర్ది సంగతంటారా, అతని ఫోన్‌లో ఇదే ఫైలు ముందే పడి ఉంటుంది. అక్కడి నుంచి అతని గ్రూపులన్నింటికీ అదే పోతుంది. అనుమానముంటే మెసేజ్ పెట్టకండి, ఫోన్ చేసి అడగండి.

ఫైలు దిగినంత మాత్రాన సాధారణంగా ఏమీ కాదు. ఇన్‌స్టాల్ చేయబోతే, బయటి యాప్‌లు వేసే అనుమతి వాట్సాప్‌కు లేదని ఫోన్ అడ్డం పడుతుంది. 2017లో వచ్చిన ఆండ్రాయిడ్ 8 నుంచి ఈ అనుమతి ఒక్కో యాప్‌కు విడివిడిగా ఉంటుంది, అంతకుముందు ఫోన్ మొత్తానికి ఒకటే స్విచ్. ఇప్పుడు సెట్టింగ్స్ తెరిచి, పైన వెతికే చోట 'అన్‌నోన్ యాప్స్' అని కొట్టండి. వాట్సాప్, క్రోమ్, ఫైల్ మేనేజర్, టెలిగ్రామ్ వరుసగా కనిపిస్తాయి. అన్నింటికీ ఆపేయండి. ఇంట్లో పిల్లలు ఆట కోసమో, క్రికెట్ ఫ్రీగా చూడటానికో ఎప్పుడో ఆన్ చేసి మరిచిపోయి ఉంటారు, వాళ్లను తిట్టే పని తర్వాత పెట్టుకోండి.

ఇక అసలు విషయం. యాప్ తెరవగానే ఎస్‌ఎంఎస్‌లు చదివే, పంపే అనుమతి అడుగుతుంది. జాబితా చూపించే యాప్‌కు ఎస్‌ఎంఎస్‌లతో ఏం పని? ఆ తర్వాత 'అర్హత పరిశీలన' అని ఫారం వస్తుంది: పేరు, ఆధార్, డెబిట్ కార్డు నంబరు, గడువు తేదీ. ఈ రెండూ కలిపి చూస్తేనే మోసం అర్థమవుతుంది. యూపీఐ యాప్‌లో ఖాతా కలపాలంటే మీ సిమ్ నుంచి ఒక ఎస్‌ఎంఎస్ పోవాలి. కార్డుతో కొత్త పిన్ పెట్టాలంటే కార్డు చివరి ఆరు అంకెలు, గడువు తేదీ, ఓటీపీ కావాలి. కార్డు వివరాలు ఫోన్‌లో దొరకవు గనుక వాటిని మీ చేతే రాయిస్తారు. ఓటీపీ మాత్రం మీరు చెప్పనక్కర్లేదు, వచ్చిన మెసేజ్‌ను యాప్ చప్పుడు చేయకుండా వాళ్లకు చేరవేస్తుంది. 'నేనెవరికీ ఓటీపీ చెప్పలే' అని బాధితులు అనేది అందుకే. వాళ్లు అబద్ధమాడటం లేదు.

కొన్ని యాప్‌లు యాక్సెసిబిలిటీ అనుమతి కూడా అడుగుతాయి. చూపు సరిగా లేనివాళ్ల కోసం పెట్టిన సౌకర్యం అది. దొంగ యాప్‌కు ఇస్తే తెర మీద ఉన్నది చదువుతుంది, మీ బదులు తనే నొక్కుతుంది. 2022లో వచ్చిన ఆండ్రాయిడ్ 13 నుంచి, ఇలా ఫైలుగా వచ్చిన యాప్‌లకు దీన్ని నేరుగా ఇవ్వనీయరు. అందుకే కొందరు ఫోన్ చేసి మరీ 'పైన మూడు చుక్కలు నొక్కండి సార్, రిస్ట్రిక్టెడ్ సెట్టింగ్స్ అలో చేయండి' అని చెప్పి చేయిస్తారు. ఆ మాట వినగానే ఫోన్ పెట్టేయండి.

ప్లే స్టోర్ బయటివన్నీ దొంగవని నేననను. ఎఫ్-డ్రాయిడ్ లాంటి మంచి చోట్లూ ఉన్నాయి, ప్లే స్టోర్‌లోకీ అప్పుడప్పుడు చెడ్డవి చొరబడతాయి. కానీ పైసలు కట్టకుండా ప్రీమియం ఇస్తామనే మాడ్ యాప్‌లను, అంటే అసలు యాప్‌ను ఎవరో మార్చి వదిలినవాటిని, నమ్మలేం. ప్రతి యాప్‌కూ దాన్ని చేసినవాళ్ల డిజిటల్ సంతకం ఉంటుంది. లోపల వేలు పెట్టినవాడు తన సంతకంతో మళ్లీ కట్టాల్సిందే. అసలు యాప్ ఉండగా దాని మీద ఇది ఎక్కదు. 'ముందు పాతది తీసేయండి' అని వాళ్లు చెప్పడానికి కారణం ఇదే.

ఇప్పటికే వేసేసి ఉంటే ముందు ఏరోప్లేన్ మోడ్ ఆన్ చేయండి, వైఫై కూడా ఆగిందో లేదో చూడండి. ఇంకో ఫోన్ నుంచి బ్యాంకుకు చెప్పి ఖాతా, కార్డు ఆపించండి, వెంటనే సైబర్ మోసాల ఫిర్యాదు నంబరు 1930కి కొట్టండి. రిజర్వ్ బ్యాంకు 2017 ఆదేశాల ప్రకారం, ఖాతాదారు పొరపాటు వల్ల పోయిన సొమ్ము బ్యాంకుకు తెలిపేదాకా ఖాతాదారు మీదే పడుతుంది, తెలిపిన తర్వాత పోయింది బ్యాంకు మీద పడుతుంది. సిగ్గుపడి రాత్రంతా ఆగితే నష్టం మీ ఖాతాకే. ఆ తర్వాత యాప్ తీసే పని. ఐకాన్ కనిపించకపోతే సెట్టింగ్స్‌లో యాప్స్ జాబితా చూడండి. అన్‌ఇన్‌స్టాల్ కాకపోతే సెట్టింగ్స్‌లో 'డివైస్ అడ్మిన్' అని వెతికి, అక్కడ దాని టిక్కు తీసి మళ్లీ ప్రయత్నించండి. అప్పటికీ పోకపోతే ఫొటోలు దాచుకుని ఫ్యాక్టరీ రీసెట్, అంటే ఫోన్‌లో ఉన్నదంతా చెరిపేయడం. పిన్‌లు, పాస్‌వర్డ్‌లు మాత్రం శుభ్రమైన ఫోన్ నుంచే మార్చండి.

వచ్చే పాఠానికి ఇంటి పని: మీ ఫోన్‌లో ఎస్‌ఎంఎస్ అనుమతి ఉన్న యాప్‌ల పేర్లు కాగితం మీద రాసి పెట్టుకోండి. వాటిలో ఏది ఉంచాలో, ఏది తీసేయాలో ఆరో పాఠంలో ఒక్కొక్కటిగా చూద్దాం.