పాత హత్య కేసును పరిశోధించి చెప్పడం ఎలా?

పాత నేరం మీద వ్యాసం రాయాలన్నా, వీడియో చేయాలన్నా ముందు కోర్టు తీర్పు చదవాలి. యూట్యూబ్‌లో విన్న కథ, పుస్తకంలో చూసిన పేరా ఆ తర్వాత. లా చదివినవాళ్లందరికీ తెలిసిన ‘పాకాల నారాయణస్వామి వర్సెస్ ఎంపరర్’ కేసు పట్టుకుని చెబుతాను. ఇందులో హతుడు నూకరాజు, నిందితుడు నారాయణస్వామి. 1939 జనవరిలో లండన్‌లోని ప్రివీ కౌన్సిల్ (అప్పట్లో మన దేశపు కేసులకు ఆఖరి అప్పీలు కోర్టు) ఇచ్చిన ఈ తీర్పు నెట్‌లో ఉచితంగా దొరుకుతుంది.

1. తీర్పును రెండుసార్లు చదవండి. రెండోసారి తేదీలు వరుసగా రాసుకోండి. 1937 మార్చి 20, శనివారం: పిఠాపురం దివాన్ దగ్గర బంట్రోతుగా పనిచేసిన నూకరాజుకు బరంపురం రమ్మని ఉత్తరం వచ్చింది. సంతకం లేదు. ఆదివారం రైలుకి బయల్దేరాడు. 23, మంగళవారం: పూరీలో మూడో తరగతి బోగీలో, ఎవరూ దించుకోని ట్రంకుపెట్టెలో శవం దొరికింది. వారాలను పాత క్యాలెండర్‌తో సరిచూడండి. వారం కలవకపోతే ఎక్కడో తేదీ తప్పు రాసుకున్నట్టే.

2. అప్పటి జిల్లా, అప్పటి కోర్టు ఏవో తెలుసుకోండి. చాలామంది ఇక్కడే దారి తప్పుతారు. బరంపురం 1936 మార్చి దాకా మద్రాసు ప్రెసిడెన్సీలో ఉంది, ఏప్రిల్ 1న ఒరిస్సాలో కలిసింది. ఒరిస్సాకు అప్పుడు హైకోర్టు పట్నాలో ఉండేది. మద్రాసు హైకోర్టు రికార్డుల్లో వెతికితే రోజులు వృథా.

3. తర్వాత పత్రికలు. అప్పటికి ఆంధ్రపత్రిక మద్రాసు నుంచి వెలువడుతోంది. జరిగిన రోజు సంచికతో ఆగకండి, తర్వాతి వారాలూ తిరగేయండి. ఊరి వాతావరణం తెలియడానికి పత్రిక మంచిదే, కానీ అది రుజువు కాదు.

4. డబ్బు లెక్క చూడండి. నిందితుడి భార్య 1936లో నూకరాజు దగ్గర విడతలుగా 3000 రూపాయలు తీసుకుంది. ఏడాదికి నూటికి 18, అంటే మన లెక్కలో రూపాయిన్నర వడ్డీ. ఆ అప్పు తాలూకు ఉత్తరాలు, చీటీలు దాదాపు 50 నూకరాజు ఇంట్లో దొరికాయి.

5. కాగితం మీద మూడు గళ్లు గీయండి: రుజువైంది, ఒకరు చెప్పింది, నా ఊహ. నా దృష్టిలో మొత్తం పనిలో ఇదే ముఖ్యం. ‘బాకీ తీసుకోవడానికి రమ్మన్నారు, వెళ్తున్నాను’ అని నూకరాజు భార్యతో అన్న మాటను ప్రివీ కౌన్సిల్ సాక్ష్యంగా ఒప్పుకుంది. అతను తన ఇంటికి వచ్చి వెళ్లాడని నిందితుడు పోలీసులకు చెప్పిన మాటను మాత్రం ఒప్పుకోలేదు. ఆ మాట పక్కనపెట్టినా మిగతా సాక్ష్యం చాలని శిక్ష ఖాయం చేసింది. మీరు ఆ మాట వాడితే, కోర్టు దాన్ని తోసిపుచ్చిందని కూడా చెప్పి తీరాలి.

నిందితుడి భార్య కూడా విచారణ ఎదుర్కొంది, నిర్దోషిగా బయటపడింది. వినేవాళ్లను టెన్షన్ పెట్టడానికి ఆమె మీద అనుమానం మిగిల్చే వాక్యం రాయకండి. ఆ కుటుంబాల వాళ్లు ఇప్పటికీ ఉండొచ్చు.

6. చెప్పేటప్పుడు శవాన్ని ముందు పెట్టకండి. దాన్ని ఏడు ముక్కలు చేశారన్నది ఒక్క వాక్యంలో చెబితే చాలు. కేసు నిందితుడి పేరుతో నిలిచిపోయింది, అందుకే నూకరాజు పేరు చాలామందికి గుర్తులేదు. నేనైతే పిఠాపురంలో, అతను ఆ సంతకం లేని ఉత్తరాన్ని భార్యకు చూపించిన చోట మొదలుపెడతాను. తర్వాత శవాన్ని గుర్తుపట్టాల్సి వచ్చింది కూడా ఆమే.