భూమి దావా నడుస్తుండగా వాది మరణిస్తే: 90 రోజుల్లో పాటించాల్సిన జాగ్రత్తలు

హన్మకొండ అదాలత్ దగ్గర బస్సు దిగి కోర్టుకు నడిచే పల్లె కుటుంబాల్లో చాలామంది, ఇంటిపెద్ద పోయినా ఆయన వేసిన భూమి దావా దానంతట అదే వారసుల పేరు మీద నడుస్తుందని నమ్ముతారు. అలా నడవదు. మృతుని వారసులను రికార్డులోకి తీసుకోవాలని సివిల్ ప్రొసీజర్ కోడ్ 22వ ఆర్డర్ కింద దరఖాస్తు వేయాలి. అందుకు గడువు మరణించిన రోజు నుంచి 90 రోజులు మాత్రమే.

ఉదాహరణకు, పాసుపుస్తకం అట్టలో మడిచి పెట్టిన చీటీ మీద వాయిదా ఆగస్టులో ఉంటుంది. పెద్దాయన ఏప్రిల్ 10న కన్నుమూస్తాడు. దినాలు, మాసికాలు అయ్యాక వాయిదా నాటికి వకీలుకు చెబుదామనుకుంటారు. కానీ జూలై 9తోనే గడువు తీరి, దావా అబేట్ అవుతుంది, అంటే వారసులు రికార్డులోకి రానందున రద్దై ఆగిపోతుంది. ఆ తర్వాత మరో 60 రోజుల్లో, అంటే సెప్టెంబరు 7 లోపు, తగిన కారణం చూపి అబేట్‌మెంట్‌ను రద్దు చేయమని కోరవచ్చు. అదీ దాటితే ఆలస్యాన్ని మన్నించమని విడిగా వేడుకోవాలి. కోర్టు ఒప్పుకోకపోతే అదే వ్యాజ్యకారణంపై (దావాకు మూలమైన తగాదాపై) కొత్త దావా వేసే దారి కూడా ఉండదు. అందుకే దినాలు ముగిసిన వారంలోనే వకీలును కలవమని నా గట్టి సలహా.

దావాను కొనసాగించేది కొడుకులే అనుకోవడం రెండో పొరపాటు. హిందూ కుటుంబంలో వీలునామా లేకుండా మరణించిన పురుషుని ఆస్తికి భార్య, తల్లి, కొడుకులు, కూతుళ్లు మొదటి తరగతి వారసులు. పెళ్లై మరో ఊళ్లో కాపురమున్న కూతురి పేరు వదిలేస్తే తగాదా కోర్టులోంచి ఇంట్లోకే వస్తుంది. వీలునామా ఉంటే, దాని ప్రకారం ఆస్తి దక్కేవారూ ముందుకు రావచ్చు. ఎవరు ప్రతినిధి అన్న వివాదం వస్తే కోర్టు విచారించి తేలుస్తుంది. అయితే ఆ నిర్ణయం దావా నడపడానికే తప్ప, వారసుల మధ్య హక్కును శాశ్వతంగా తేల్చదు.

మృతుడిచ్చిన జీపీఏ (తన తరఫున పనులు చూడమని ఇచ్చిన అధికార పత్రం) సాధారణంగా ఆయనతోనే ముగుస్తుంది కాబట్టి, ఇన్నాళ్లూ వాయిదాలకు తిరిగిన బంధువు ఆ కాగితంతో సంతకం పెట్టకూడదు. తెలంగాణ భూరికార్డుల వ్యవస్థ అయిన భూభారతిలో విరాసత్ (భూమిని వారసుల పేరుకు మార్చడం) చేయించుకున్నా కోర్టు దరఖాస్తు తప్పదు, ఎందుకంటే అవి వేర్వేరు పనులు. మరణ ధ్రువపత్రంతో పాటు, మీసేవలో దరఖాస్తు చేసి తహసీల్దార్ నుంచి పొందిన కుటుంబ సభ్యుల ధ్రువపత్రం ఉంటే పని తేలికవుతుంది. వారసులందరూ కొత్త వకాలత్ మీద సంతకాలు చేయాలి. మైనర్ ఉంటే వారి తరఫున పెద్దవారు ఒకరు నిలబడాలి.

ప్రతివాది చనిపోయినా ఇదే 90 రోజుల గడువు. అప్పుడు అతని వారసులను చేర్పించే బాధ్యత వాదిదే. ఆ కబురు కోర్టుకు చెప్పాల్సింది అతని వకీలే అయినా, ఊళ్లో మరణవార్త విన్న రోజే తేదీ రాసిపెట్టుకోండి. వాదనలు పూర్తయి తీర్పు రావాల్సిన దశలో ఎవరు చనిపోయినా దావా అబేట్ కాదు.