ఏడీబీలో ‘అన్‌ఆథరైజ్డ్’ అని వస్తే: వీఆర్ హెడ్‌సెట్‌తో నా అనుభవం

స్టోరులో లేని ఒక ఆటను, దాని రూపకర్తే ఉచితంగా ఇచ్చిన ఏపీకే ఫైలుతో (ఆండ్రాయిడ్ యాప్‌ను ఎక్కించే ఫైలు) నా వీఆర్ హెడ్‌సెట్‌లో ఎక్కించబోతే, కంప్యూటరు నుంచి ఆండ్రాయిడ్ పరికరాలకు ఆదేశాలిచ్చే ఏడీబీ అనే సాధనంలో ‘ఏడీబీ డివైసెస్’ అని కొట్టిన ప్రతిసారీ హెడ్‌సెట్ సీరియల్ నంబరు పక్కన ‘అన్‌ఆథరైజ్డ్’ (అనుమతి లేదు) అనే మాటే కనిపించేది. కేబుల్, యూఎస్‌బీ పోర్టు మార్చడం, డెవలపర్ మోడ్ ఆపి మళ్లీ పెట్టడం, చివరికి ఫ్యాక్టరీ రీసెట్ చేయడం, ఏవీ ఫలించలేదు. రీసెట్‌తో ఆటల్లో సాధించుకున్నదంతా పోవడం అదనపు నష్టం.

పనిచేసిన పద్ధతి ఇది. ముందు ‘ఏడీబీ కిల్-సర్వర్’ ఆదేశంతో ఏడీబీని ఆపి, కంప్యూటరులో నా యూజర్ ఫోల్డరులో ఉన్న ‘.ఆండ్రాయిడ్’ ఫోల్డరు తెరిచి, ‘ఏడీబీకీ’, ‘ఏడీబీకీ.పబ్’ అనే రెండు కీ ఫైళ్ల (హెడ్‌సెట్ ఈ కంప్యూటరును గుర్తుపట్టేది వీటితోనే) పేర్లు మార్చాను (తొలగించలేదు, అవసరమైతే వెనక్కి తెచ్చుకోవచ్చని). తరువాత హెడ్‌సెట్‌ను తలకు పెట్టుకుని, తెర వెలిగి ఉండగానే కేబుల్ గుచ్చి, తడుముకుంటూ ‘ఏడీబీ డివైసెస్’ అని కొట్టాను. అనుమతి అడిగే పెట్టె కళ్లెదుటే తేలింది. అది హెడ్‌సెట్ లోపలే కనిపిస్తుంది. బల్లమీద పెట్టి ఉంచితే తెర నిద్రపోతుంది కనుక ఇన్నాళ్లూ నేను దాన్ని చూడనేలేదు. ‘ఎల్లప్పుడూ అనుమతించు’ గడిలో టిక్కు పెట్టగానే ‘అన్‌ఆథరైజ్డ్’ కాస్తా ‘డివైస్’ అని మారింది, అంటే అనుమతి దొరికినట్టే.

ఆట హెడ్‌సెట్‌లో, స్టోరు బయటి యాప్‌లు ఉండే ‘అన్‌నోన్ సోర్సెస్’ విభాగంలోకి చేరినా, తెరవగానే నల్లతెర వచ్చింది. దానితో ఇచ్చిన ఓబీబీ ఫైలును (ఆటకు కావలసిన అదనపు డేటా ఉండే ఫైలు) హెడ్‌సెట్‌లోని ‘ఆండ్రాయిడ్/ఓబీబీ’ కింద, ఆట ప్యాకేజీ పేరుతోనే (ఆండ్రాయిడ్ ఆ యాప్‌ను గుర్తించే పేరు) ఉన్న ఫోల్డరులో పెట్టాక ఆడింది.

కీ ఫైళ్ల మార్పు లేకుండా, కేవలం తలకు పెట్టుకుని గుచ్చితేనే సరిపోయేదేమో. కాబట్టి మీరు ముందు అదొక్కటే చేసి చూడండి.