టెక్సాస్ ప్రతినిధుల సభకు పోటీ: ముందుగా కాగితాల పని

21 ఏళ్లు నిండాలి, అమెరికా పౌరసత్వం ఉండాలి, ఎన్నిక నాటికి టెక్సాస్‌లో రెండేళ్లు, నియోజకవర్గంలో ఏడాది నివాసం ఉండాలి. ఓటరుగా నమోదు కూడా తప్పనిసరి.

విరాళాలకంటే ముందు ప్రచార నిధుల లెక్కలు చూసే ట్రెజరర్‌ను నియమించుకోండి. ఆ నియామక ఫారం టెక్సాస్ ఎథిక్స్ కమిషన్‌కు (ప్రచార నిధులను పర్యవేక్షించే రాష్ట్ర సంస్థ) ఇవ్వకుండా ఒక్క డాలరు తీసుకున్నా, సొంత డబ్బు ఖర్చుపెట్టినా ఉల్లంఘనే. ట్రెజరర్‌గా మీ పేరే రాసుకోవచ్చు. కార్పొరేషన్ (కంపెనీ) చెక్కు వస్తే తిప్పి పంపేయండి.

ప్రైమరీ (పార్టీ అభ్యర్థిని ఎంచుకునే ఎన్నిక) దరఖాస్తుకు గడువు బేసి సంవత్సరం డిసెంబరులో రెండో సోమవారం సాయంత్రం 6 గంటలు. ఫీజు 750 డాలర్లు. ఫీజుకు బదులు ఓటర్ల సంతకాల పిటిషన్ ఇవ్వొచ్చు, కానీ ఎక్కువమంది దెబ్బతినేది అక్కడే: సంతకందారు నియోజకవర్గం బయటివారై ఉంటారు, తేదీ వదిలేస్తారు, లేదా పోటీ అభ్యర్థికీ సంతకం పెట్టి ఉంటారు. కనీసం మూడో వంతు అదనంగా సేకరించండి. చివరి గంటలో ఇస్తే తప్పు దిద్దుకునే వ్యవధే ఉండదు.

మార్చి ప్రైమరీలో ఎవరికీ సగానికి మించి రాకపోతే మేలో రనాఫ్, అంటే మొదటి ఇద్దరి మధ్య మళ్లీ పోటీ.

జీతం నెలకు 600 డాలర్లే, సమావేశాలేమో 140 రోజుల వరకు. అన్నాళ్లు సెలవిచ్చే ఉద్యోగమేనా మీది? దరఖాస్తుకు ముందే తేల్చుకోండి.